నర్సు కబుర్లు: బాత్రూంలో అంతసేపు ఎందుకు?

ఈసారి కాస్త మొహమాటం విషయం. మగవాళ్ల సంగతే, కానీ వాళ్లు ఇలాంటివి చదవరు కాబట్టి మనమే చదువుకోవాలి.

డాలస్‌లో ఉన్న నా ఫ్రెండ్ ఒకామె (పేరు వద్దంది, రాయడానికి ఒప్పుకుంది) ఆమధ్య ఫోన్ చేసి, "అక్కా, మా ఆయన ఆపరేషన్‌కి ఇన్సూరెన్స్ వాళ్లు నో అన్నారు" అంది. ఆయనకి 41 ఏళ్లు. ఏడాదిగా బాత్రూంలోకి వెళ్తే పావుగంట. లోపల ఫోన్ చూసుకుంటున్నాడని ఈమె రోజూ పోట్లాట. తీరా చూస్తే ఆ మనిషి అక్కడ ముక్కుతూ నిలబడుతున్నాడు. ధార సన్నగా, ఆగి ఆగి వస్తోంది. రెండుసార్లు యూరిన్ ఇన్ఫెక్షన్ వచ్చాక గానీ నోరు విప్పలేదు. యూరాలజిస్ట్ డై ఎక్కించి ఎక్స్‌రే తీసి, స్ట్రిక్చర్ అన్నారు. అంటే మూత్రం బయటికొచ్చే గొట్టం లోపల గాయం మచ్చ కట్టి, దారి ఇరుకైపోవడం.

"ఎక్కడైనా దెబ్బ తగిలిందా?" అని అడిగాను. లేదంది. వెనకనుంచి ఆయన గొంతు మెల్లగా వినిపించింది: "బాబు సైకిల్..."

రెండేళ్ల కిందటి వేసవిలో కొడుక్కి తొక్కి చూపించబోయి, పెడల్ మీంచి కాలు జారి బార్ మీద కూలబడ్డాడట. రక్తం కూడా కనిపించిందట. ఒక్కడే అర్జంట్ కేర్‌కి వెళ్లొచ్చాడు, ఇంట్లో చెప్పలేదు. నొప్పి తగ్గింది, మర్చిపోయాడు. యూరాలజీ ఫారంలో పాత గాయాల దగ్గర "లేవు" అని టిక్కు పెట్టాడు! అలా పడినప్పుడు ఆ గొట్టం బార్‌కీ పైనున్న ఎముకకీ మధ్య నలిగిపోతుంది. మచ్చ నెలల తర్వాత, ఒక్కోసారి ఏళ్ల తర్వాత బిగుసుకుంటుంది. అందుకే ఆ దెబ్బకీ ఈ బాధకీ సంబంధం ఎవరికీ తట్టదు.

ఇక కోడ్ సంగతి. అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి జబ్బులకి ఐసీడీ-10-సీఎం కోడ్‌లు వేస్తున్నారు. దెబ్బ వల్ల మగవాళ్లకొచ్చే స్ట్రిక్చర్ కోడ్‌లు ఎన్ 35.01తో మొదలవుతాయి. చివరి అంకె చోటు చెబుతుంది. మొన దగ్గరైతే 0, సైకిల్ బార్ దెబ్బ ఎక్కువగా తగిలే బల్బస్ భాగమైతే 1, కారు యాక్సిడెంట్లో కటి ఎముక విరిగినప్పుడు దెబ్బతినే మెంబ్రేనస్ భాగమైతే 2. కాథెటర్ వల్లో, పాత ఆపరేషన్ వల్లో వస్తే అది వేరే, ఎన్ 99.1 గుంపులోకి వెళ్తుంది. (మనకీ ఉందండోయ్. ప్రసవం వల్ల వచ్చిన దానికి ఎన్ 35.021.)

ఈయనకి పడింది ఎన్ 35.919. కారణం తెలియదు, చోటూ తెలియదు అని దానర్థం. ఇన్సూరెన్స్ వాళ్లు "వివరాలు చాలవు" అన్నారు.

మా మేనకోడలు హైదరాబాద్‌లో ఇదే కోడింగ్ ఉద్యోగం చేస్తుంది. ఇక్కడి చార్టులే అక్కడ కూర్చుని చదువుతుంది. దాన్నడిగితే, "అత్తా, డాక్టర్ రాయనిది మేం ఊహించి వెయ్యకూడదు. సైకిల్ అని చార్టులో లేకపోతే మాకెలా తెలుస్తుంది?" అంది. నిజమే కదా. తప్పు ఆ పిల్లలది కాదు.

కాబట్టి నా ఫ్రెండ్‌కి చెప్పింది ఇదీ: బిల్లింగ్ ఆఫీసుకి ఫోన్ చేసి కోడ్ మార్చమని పోట్లాడొద్దు. ఆయన్ని కూర్చోబెట్టి, జరిగిందంతా డాక్టర్‌కి మెసేజ్ రాయించు. ఆ అర్జంట్ కేర్ కాగితం తెప్పించి జతచెయ్యి. డాక్టర్ ఒప్పుకుని నోట్‌లో కలిపితే కోడ్ దానంతటదే మారుతుంది. ఎక్స్‌రేలో చోటు ముందే స్పష్టంగా ఉంది, నోట్‌లోకే ఎక్కలేదు. కొత్తగా ఎన్ 35.011 వేశారు, దాని వెనకే పాత గాయం కోడ్, చివర "ఎస్" అక్షరంతో. పాత దెబ్బ తాలూకు ఫలితం అని ఆ ఎస్‌కి అర్థం.

మీకూ ఇలాంటి డినయల్ లెటర్ వస్తే చెత్తబుట్టలో వెయ్యకండి. కోడ్ ఏమిటో, దానర్థం ఏమిటో అడిగి తెలుసుకోండి. ఆఫీసు ద్వారా వచ్చే ప్లాన్లలో సాధారణంగా అప్పీలుకి 180 రోజులు టైముంటుంది.

ఇంకో మాట, ఇది నర్సుగా. మీ ఇంట్లో మగపిల్లాడో, ఆయనో కాళ్ల మధ్య దెబ్బ తగిలించుకుని మొన దగ్గర రక్తం కనిపించినా, యూరిన్ రాకపోయినా, పొద్దున చూద్దాంలే అనొద్దు. వెంటనే ఎమర్జెన్సీకి తీసుకెళ్లండి. దెబ్బ సంగతీ, రక్తం సంగతీ ముందే చెప్పండి. అది తెలిస్తే పరీక్ష చేయకుండా కాథెటర్ వెయ్యరు.

ఫ్రెండ్ వాళ్ల అప్పీలు ఓకే అయింది, సర్జరీ వచ్చే నెల. వాళ్ల అత్తగారికి మాత్రం "హెర్నియా" అని చెప్పారట. ఆవిడ కూడా మన గ్రూపులోనే ఉన్నారు, ఈ నెల పత్రిక ఆవిడకి ఎవరూ ఫార్వర్డ్ చెయ్యకండి!