సమాధుల్లోంచి ఇంటికి

పెన్షన్ లేని నిరుపేద మాజీ సైనికులకు కేంద్రీయ సైనిక్ బోర్డు ఇచ్చే సాయం 2025 నవంబరు 1 నుంచి వచ్చే దరఖాస్తులకు నెలకు 4,000 రూపాయల నుంచి 8,000కు పెరిగింది. హవల్దారు హోదా వరకు పనిచేసి 65 ఏళ్లు నిండినవారికి ఇది వర్తిస్తుంది. సంతోషించవలసిన విషయమే.

అయితే ఆత్మకూరు బస్టాండులోనో, ఉదయగిరి కొండ కిందనో పడుకునే ఒక ‘మిలిటరీ ఆయన’కు ఆ డబ్బు ఎలా చేరాలి? జవానుకు 15 ఏళ్ల సర్వీసు నిండకపోతే మామూలుగా పెన్షన్ రాదు. ఈ సాయం అడగాలంటే డిశ్చార్జి పుస్తకం, బ్యాంకు ఖాతా ఉండాలి. జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం నెల్లూరులో ఉంది, ఉదయగిరికి దాదాపు 100 కిలోమీటర్లు. రాత్రుళ్లు కేకలేస్తూ లేచే మనిషి కాగితాలు దాచుకుంటాడా?

మార్కు సువార్త 5వ అధ్యాయంలో మనం పందుల దగ్గరే ఎక్కువసేపు ఆగుతాం. ఆ మనిషి సమాధుల్లో కాపురమున్నాడనీ, రాళ్లతో తన్ను తాను గాయపరచుకున్నాడనీ త్వరగా దాటేస్తాం. పేరడిగితే ‘సేన’ అన్నాడు. మూలంలోని ‘లెగియోను’ రోమా పట్టాళపు మాట, ఐదారు వేలమంది దళం. అతడు సైనికుడని వాక్యం చెప్పలేదు, నేనూ చెప్పను. కానీ లోపల ఒక సైన్యాన్ని మోయడమంటే ఏమిటో యుద్ధం చూసినవారికి తెలుసు. బాగుపడ్డాక అతడు వెంట వస్తానని బతిమాలితే, ప్రభువు ఇంటికి, తనవారి దగ్గరకు వెళ్లమన్నాడు.

మనమేమో అలాంటివాడు మందిరానికొస్తే రెండో ఆదివారానికే మైకిచ్చి సాక్ష్యం చెప్పమంటాం. లేదా దయ్యమని గద్దిస్తాం. మార్కు రాసింది దయ్యాల సంగతే, నిజం. యుద్ధగాయాలన్నిటికీ ఆ పేరు పెట్టమని మాత్రం ఆయన రాయలేదు. ‘నేను చేసినదానికి క్షమాపణ ఉందా?’ అని అడిగేవాడికి సిలువను చూపించాలి, సంకోచం లేకుండా. నిద్రపట్టనివాడికి డాక్టరు కావాలి, మందులు మానకుండా చూసే మనిషి కావాలి. 14416 టెలి మానస్‌కు ఫోను చేస్తే తెలుగులో మాట్లాడతారు, డబ్బు అడగరు. దిక్కులేక తిరిగే మానసిక రోగిని 24 గంటల్లో ప్రభుత్వ ఆస్పత్రికి చేర్చే బాధ్యతను 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం పోలీసులపై పెట్టింది.

సంఘంలో ఎవరో ఒకరు ఆయనతో కలిసి నెల్లూరు బస్సెక్కాలి. డిశ్చార్జి పుస్తకం పోయిందంటే సర్వీసు నంబరు, రెజిమెంటు పేరు అడిగి రాసుకోండి. రికార్డు ఆఫీసువారు మొదట అడిగేది అవే. మిగతావన్నీ మరచినవాడికీ ఆ నంబరు గుర్తుండవచ్చు.