నీట తేలిక, గట్టున బరువు

నూతి నుండి నీరు తోడిన వారందరికీ ఒక సంగతి చేతులకే తెలుసు. నిండిన బొక్కెన నీటిలో మునిగి ఉన్నంతసేపు చేంతాడు అవలీలగా వస్తుంది. అంచు నీటిని విడిచిందో లేదో, భుజాలు గుంజుకుపోతాయి. మా చిన్ననాట పాత చేంతాళ్లు పుటుక్కున తెగినదీ సరిగ్గా అక్కడే.

ఇనుప బొక్కెన బరువు ఒకటిన్నర కిలో, దానిలో పట్టే నీరు 10 లీటర్లు అనుకుందాం. మునిగి ఉండగా లోపలి నీటిని చుట్టూ ఉన్న నీరే మోస్తుంది. మన చేతికి తగిలేది ఇనుము బరువు మాత్రమే, అదీ సుమారు 1.3 కిలోలు. పైకి వచ్చాక పదకొండున్నర కిలోలు! మూరెడు దూరంలో భారం దాదాపు తొమ్మిది రెట్లయింది.

క్రీస్తుకు పూర్వం మూడవ శతాబ్దంలో సిరక్యూస్ నగరవాసి ఆర్కిమెడీస్ దీనికి సూత్రం చెప్పాడు: మునిగిన వస్తువు తాను తొలగించిన నీటి బరువెంతో అంత తేలికవుతుంది. (రాజుగారి కిరీటం కథ మనకు కంఠస్థమే గాని, లభించిన ఆయన రచనలలో అది లేదు. సుమారు రెండు శతాబ్దాల తరువాత రోమను వాస్తుశాస్త్రజ్ఞుడు విట్రూవియస్ వ్రాసినది.)

తగ్గిన ఆ బరువు ఏమైనట్లు? సగం నీరున్న గిన్నెను వంటింటి త్రాసు మీద ఉంచి, దారం కట్టిన రాయిని అడుగుకూ అంచుకూ తగలకుండా నీటిలోనికి వేలాడదీయండి. త్రాసు ముల్లు ముందుకు జరుగుతుంది. రాయి కోల్పోయినంత బరువూ గిన్నె లెక్కలో చేరింది. బరువు ఎక్కడికీ పోలేదు, మోసేవారు మారారంతే.

కర్మాగారంలో ఈ మాట మరచితే ప్రమాదం. పంపుహౌసు సంపు అడుగు నుండి టన్ను బరువున్న కాంక్రీటు దిమ్మను ఎత్తవలసి వచ్చిందనుకోండి. నీటిలో క్రేను కొక్కేనికి తగిలే భారం ఆరువందల కిలోల లోపే. సులువుగా కదిలింది కదా అని ఆ అంచనాతోనే స్లింగు కడితే, దిమ్మ నీటిని విడుస్తున్నకొద్దీ మిగిలిన నాలుగువందల పైచిలుకు కిలోలూ వచ్చి చేరతాయి. ఇనుముకు ఈ తేడా టన్నుకు సుమారు 130 కిలోలే. ఇనుము ఎత్తి అలవాటైన చేతులు కాంక్రీటు దగ్గర పొరబడడానికి ఇదే కారణమని మా అభిప్రాయం. బోలు వస్తువైతే లోపల నిలిచిన నీరు, బురద అదనం. కనుక స్లింగును గట్టు మీది పూర్తి బరువుకే ఎంచాలి. నీటి మట్టం వద్ద వేగం తగ్గించి నీరు కారిపోనివ్వాలి. కొక్కెం కింద ఎవరూ నిలువరాదు.

మన శరీరానికీ ఇదే లెక్క. మానవ దేహ సాంద్రత నీటి సాంద్రతకు చాలా దగ్గర. ఊపిరి నిండా పీల్చితే చాలామంది తేలతారు గాని, నీటిపై కనబడేది తలలో కొంత భాగమే. ఈతరానివాడు భయంతో రెండు చేతులూ పైకెత్తితే, అంతదాకా నీరు మోస్తున్న అయిదారు కిలోలు ఒంటిమీద పడి ముఖం మునిగిపోతుంది. వేసవి సెలవులలో పిల్లలు చెరువులకూ కాలువలకూ పరుగెడతారు. నీటిలో పడితే చేతులు నీటిలోనే చాచి, తల వెనుకకు వాల్చి, ముఖం ఆకాశం వైపు ఉంచమని ఒడ్డున ఉండగానే వారికి నేర్పండి. పెద్దలు తోడు లేనిదే నీటిలో దిగనీయకండి.