పిడుదులు మళ్ళీ ఎలా వచ్చాయి?

పిల్లలూ! మీ కుక్క చెవుల వెనుక, వేళ్ళ సందుల్లో పిడుదులు కనిపించాయనుకోండి. మందు వేయించారు, అన్నీ రాలిపోయాయి. కొన్ని వారాలు తిరిగేసరికి మళ్ళీ పట్టాయి! తప్పు మందుది అనుకుంటున్నారా? కాదు.

రక్తం కడుపునిండా తాగిన ఆడ పిడుదు కిందికి రాలి, గోడ పగుళ్ళలో దూరి, వేలకొద్దీ గుడ్లు పెడుతుంది. వాటిలోంచి వచ్చిన పిల్లలు రక్తంకోసం మళ్ళీ కుక్కమీదికే పాకుతాయి. ఒంటిమీద గెంతే గోమార్ల గుడ్లు కూడా కుక్క పడుకునేచోటే రాలతాయి. మందు కుక్కమీద ఉన్నవాటిని చంపింది. ఇంట్లో దాగినవి అలాగే ఉన్నాయన్నమాట!

అందుకే మెడమీద చుక్కలుగా వేసే మందు సాధారణంగా నెలకొకసారి వేయాలి. కొన్నిరకాల మాత్రలు 3 నెలలదాకా పనిచేస్తాయి. ఏ మందు, ఎంత అనేది కుక్క బరువునుబట్టి పశువైద్యుడు చెబుతారు. వేసిన తేదీ కాలెండరుమీద గుర్తుపెట్టే పని మీరు తీసుకోండి. కుక్క పడుకునే గుడ్డను వేడినీళ్ళలో ఉతికించండి. గోడ పగుళ్ళు పూడ్పించండి.

ఒక్క జాగ్రత్త! కుక్క మందు పిల్లికి ఎన్నడూ వేయకండి. కొన్నిటిలో ఉండే పర్మెత్రిన్ అనే మందు పిల్లి ప్రాణం తీయగలదు.