చూసినవాళ్లు ఇంకా ఉన్నారు

1916 ఏప్రిల్ 29న డబ్లిన్‌లో తిరుగుబాటు నాయకుడు పాట్రిక్ పియర్స్ బ్రిటిష్ సైన్యానికి లొంగిపోతున్నప్పుడు తీసిన ఫోటో ఒకటుంది. ఆయన పక్కన నర్సు ఎలిజబెత్ ఓఫారెల్ నిలబడి ఉన్నారు. తెల్లజెండా పట్టుకుని, తుపాకుల మధ్యనుంచి లొంగుబాటు కబురు మోసుకెళ్లింది ఆమే. ఫోటోలో మాత్రం ఆమె పాదాలు, గౌను అంచు తప్ప ఏమీ కనబడవు. తర్వాత కొన్ని ప్రచురణల్లో ఆ పాదాలను కూడా చెరిపేశారు.

శ్రీకాకుళం గురించి రాయబోతూ ఐర్లండ్ దాకా ఎందుకు వెళ్లడం అని కొందరికి అనిపించవచ్చు. అదేం అంత దూరపు చుట్టరికం కాదు. బరంపురంలో పుట్టిన వి.వి. గిరి 1913 నుంచి 1916 దాకా డబ్లిన్‌లో న్యాయశాస్త్రం చదివారు, అక్కడి ఉద్యమకారులతో పరిచయాలు పెంచుకున్నారు. 1952లో పాతపట్నం నుంచి లోక్‌సభకు వెళ్లారు, 1957లో పార్వతీపురంలో ఓడిపోయారు. 1969లో రాష్ట్రపతి అయ్యారు. అదే ఏడాది పార్వతీపురం ఏజెన్సీని కల్లోలిత ప్రాంతంగా ప్రకటించారు. గిరి జ్ఞాపకాలు 1976లో పుస్తకంగా వచ్చాయి. ఆయనకు ఓటేసిన, వెయ్యని సవర, జాతాపు స్త్రీల జ్ఞాపకాలు ఏ పుస్తకంలోకి ఎక్కాయి?

ఉద్యమం తేదీలు మనలో చాలామందికి కంఠతా వచ్చు. 1967 అక్టోబర్ 31న మొండెంఖల్ మహాసభకు వెళ్తున్న గిరిజనులపై లేవిడి దగ్గర భూస్వాముల మనుషులు కాల్పులు జరిపారు. కోరన్న, మంగన్న చనిపోయారు. 1970 జూలై 10న వెంపటాపు సత్యం, ఆదిభట్ల కైలాసం చనిపోయారు. ఈ రెండు తేదీల మధ్య, 1969 డిసెంబర్‌లో, సుబ్బారావు పాణిగ్రాహితో పాటు పంచాది నిర్మల, అంకమ్మ, సరస్వతి పోలీసుల చేతుల్లో చనిపోయారు. నిర్మల గురించి రాసిన ప్రతి చోటా ‘పంచాది కృష్ణమూర్తి భార్య’ అన్న మాట ముందు వస్తుంది, ఆమె ఏం చేశారన్నది తర్వాత వస్తుంది. అంకమ్మ, సరస్వతి అన్నవి జాబితాలో పేర్లుగా మిగిలాయి. అమరుల స్మృతికి మన ఉద్యమాల్లో ఉన్న గౌరవం గొప్పదే, నేను కాదనను. అయితే ఆ గౌరవం చనిపోయినవాళ్ల దగ్గరే ఆగిపోతోంది. బతికి, చూసి, తర్వాత యాభై ఏళ్లు ఆ ఊళ్లోనే వంట చేసుకున్న స్త్రీని సాక్షిగా ఎవరూ పిలవడం లేదు. పిలిచినా అమరుడి తల్లిగానో, భార్యగానో పిలుస్తున్నాం.

సీతంపేట వైపు గూడేల్లో నేను ‘ఆ రోజుల’ గురించి అడిగినప్పుడల్లా మాట చింతపండు మీదికి మళ్లేది. షావుకారు కొలతలో ఎంత పోయేది, ఉప్పు కోసం ఎంత దూరం నడిచేవారు, తండ్రి చేసిన అప్పుకి కొడుకు ఎన్నేళ్లు పాలేరుగా ఉన్నాడు. తర్వాత మగవాళ్లు కొండెక్కిన రాత్రులు, ఊళ్లో పోలీసులు, కూడు కుండలో ఎవరికి దాచి ఎవరికి పెట్టాలన్న లెక్క. మన పరిశోధకుల్లో చాలామంది సరిగ్గా ఇక్కడే టేపు ఆపేస్తారు. తుపాకీ దగ్గరికి వచ్చినప్పుడు మళ్లీ నొక్కుతారు. కష్టం ఒక అధ్యాయం, తిరుగుబాటు మరో అధ్యాయం అనే విభజన మనది, వాళ్లది కాదు. గిరిజనేతరులకు భూమి బదిలీని పూర్తిగా నిషేధించిన 1970 నాటి ఒకటో రెగ్యులేషన్‌ను కాగితాల్లో చదివితే అది ప్రభుత్వం దయలా కనిపిస్తుంది. ఆ ఏడాది కొండల్లో ఏం జరిగిందో చూసినవాళ్లు చెప్తే అది దయలా కనిపించదు.

తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీలతో స్త్రీ శక్తి సంఘటన మాట్లాడి 1986లో ‘మనకు తెలియని మన చరిత్ర’ తెచ్చింది. శ్రీకాకుళానికి మనం ఆ స్థాయి పని బాకీ ఉన్నాం. 1967లో పదిహేనేళ్ల పిల్లకు ఇప్పుడు డెబ్భై దాటాయి.

అయితే ఎలా సేకరించాలన్న దగ్గర కొందరు మిత్రులతో నాకు పేచీ ఉంది. అన్నీ పేర్లతో సహా వెంటనే అచ్చు వెయ్యాలని వాళ్లంటారు. ఐర్లండ్ ప్రభుత్వం 1947 నుంచి 1957 దాకా 1,773 సాక్ష్యాలు సేకరించింది. 1959లో వాటిని పెట్టెల్లో పెట్టి తాళం వేసింది. 2003లో గాని తెరవలేదు. అక్కడా స్త్రీలకు సులువుగా ఏదీ దక్కలేదు: మహిళా దళం వాళ్లకు 1924 పింఛను చట్టంలో చోటు లేదు, 1934 దాకా ఆగాల్సి వచ్చింది. అయినా ఆ తాళంలో నాకు ఒక న్యాయం కనిపిస్తుంది. చెప్పినవాళ్ల మాట వాళ్ల బతుకులో వాళ్లకే ఎదురు తిరగకుండా అది కాపాడింది. మన ఏజెన్సీలో స్త్రీ నోరు విప్పితే ఏమవుతుందో వాకపల్లి చూపించింది. 2007 ఆగస్టు 20న గ్రేహౌండ్స్ పోలీసులు తమపై అత్యాచారం చేశారని అక్కడి 11 మంది ఆదివాసీ స్త్రీలు చెప్పారు. 2023 ఏప్రిల్‌లో విశాఖపట్నం ప్రత్యేక న్యాయస్థానం 13 మంది పోలీసులను నిర్దోషులుగా విడిచిపెట్టింది, దర్యాప్తు సరిగా జరగనందుకు ఆ స్త్రీలకు పరిహారం ఇవ్వమంది. పదహారేళ్లు వాళ్లు అదే మాట చెప్తూ వచ్చారు. పేరు, ఊరు ఎప్పుడు బయటపెట్టాలో, అసలు పెట్టాలో వద్దో ఆ స్త్రీయే నిర్ణయించాలి. టేపు నకలు ఒకటి ఆమె ఇంట్లో ఉండాలి.

భాష సంగతి కూడా ఉంది. గిడుగు రామమూర్తి సవరల దగ్గర వాళ్ల భాష నేర్చుకుని నిఘంటువు కూర్చారు. అది 1938లో అచ్చయింది. మనం ఇవాళ్టికీ తెలుగులో ప్రశ్నావళి పట్టుకుని గూడెం ఎక్కుతున్నాం, దుబాసీగా ఊరి మగవాణ్ణే వెతుక్కుంటున్నాం. అతని ముందు ఆమె ఏం చెప్తుంది? సవర, కువి మాట్లాడే అమ్మాయిలు ఆశ్రమ పాఠశాలల్లో చదువుకుని ఇప్పుడు మన సంస్థల్లోనే పనిచేస్తున్నారు. టేపు రికార్డరో, ఫోనో వాళ్ల చేతికివ్వండి, ప్రశ్నలు కూడా వాళ్లనే తయారుచెయ్యనివ్వండి. చింతపండు రాలే రోజుల్లో మాత్రం వెళ్లొద్దు, ఎవరికీ తీరిక ఉండదు. ఇంకోమాట: 80ల్లో, 90ల్లో మనలో కొందరు రికార్డు చేసి, ఇంతవరకు రాసిపెట్టని క్యాసెట్లు బీరువాల్లో ఉన్నాయి. ఆ రీళ్లకు బూజు పట్టకముందే బయటికి తియ్యండి.