అప్పల్రాముడు ఎవరికి సహాయ నటుడు?

కాళీపట్నం రామారావు 1964లో రాసిన 'యజ్ఞం' కథను గుత్తా రామినీడు 1991లో సినిమాగా తీశారు. అందులో అప్పల్రాముడిగా నటించిన పి.ఎల్. నారాయణకు జాతీయ ఉత్తమ సహాయ నటుడి పురస్కారం లభించింది. ఆ గౌరవానికి ఆయన అన్నివిధాలా అర్హుడు. నన్ను ఆలోచింపజేసేది 'సహాయ' అన్న మాట.

కథ చదివినవారికి తెలుసు, దళితుడైన అప్పల్రాముడి అప్పే దానికి ఇరుసు. ఊరి పంచాయితీ కూర్చున్నది ఆ అప్పు మీదే. తన బిడ్డ బానిసగా బతకకూడదని కొడుకు సీతారాముడు ఆ పసివాణ్ణి చంపింది ఆ అప్పు వల్లనే. అప్పల్రాముడు లేనిదే అక్కడ కథే లేదు. మరి ఆయన ఎవరికి సహాయం?

కన్నడంలో 1975లో వచ్చిన 'చోమన దుడి'లో దళిత జీతగాడు చోముడిగా నటించిన ఎం.వి. వాసుదేవరావుకు జాతీయ ఉత్తమ నటుడి పురస్కారం దక్కింది. ఆయననే మృణాల్ సేన్ 1977లో తెలుగు సినిమా 'ఒక ఊరి కథ'కు వెంకయ్యగా తెచ్చుకున్నారు. అంటే కూలివాణ్ణి కథ మధ్యలో నిలబెట్టడం అసాధ్యమేమీ కాదు. పురస్కార విభాగాల నిర్ణయానికి వేరే కారణాలు ఉండవచ్చు. నా ప్రశ్న ఒక్క పురస్కారం గురించి కాదు. మన వ్యాపార సినిమాలో పాలేరు, కూలీ, రిక్షావాడు దెబ్బలు తినేది కథానాయకుడికి కోపం తెప్పించడానికే. అగ్రతార వేసే కూలీ వేషం విశ్రాంతి దాకానే. క్యారెక్టర్ ఆర్టిస్టుకు అది జీవితాంతం. ఊళ్లో కులం గీసిన గీతనే తెర కూడా గీస్తోంది.

కాగజ్‌నగర్ వాసిగా ఇది నాకు దూరపు విషయం కాదు. సిర్పూర్ కాగితపు మిల్లు 2014లో మూతపడి, 2018లో గానీ తిరిగి తెరుచుకోలేదు. గనుల మూసివేతపై బ్రిటన్‌లో 1996లో వచ్చిన 'బ్రాస్డ్ ఆఫ్'లో పీట్ పోసల్‌త్వైట్ గని కార్మికుల వాద్యబృందానికి నాయకుడిగా కథను భుజాన మోశాడు. మా మిల్లు కార్మికుల ఆ నాలుగేళ్లకు నేను చూసిన తెలుగు సినిమాల్లో చోటు లేదు.

2025లో తెలంగాణ ప్రభుత్వం గద్దర్ పేరిట సినీ పురస్కారాలు ఇవ్వడం ప్రారంభించింది. ఆ పేరుకు న్యాయం జరగాలంటే వేదిక మీద ఆయన బొమ్మ పెడితే చాలదు. శ్రామిక కులాల జీవితం కేంద్రంగా ఉన్న కథలకు ఆర్థిక సహాయం కావాలి. ఇలాంటి ఊళ్ల పిల్లలకు ప్రభుత్వ ఖర్చుతో నటశిక్షణ కావాలి. విద్యార్థి మిత్రులు తమ కళాశాల నాటకంతోనే ఈ పని మొదలుపెట్టవచ్చు. రాజు వేషం ఎవరికి, జీతగాడి వేషం ఎవరికి ఇస్తున్నారో పాత్రలు పంచే రోజే ఒకరినొకరు నిలదీయండి.