జట్లు మారొచ్చు... ఒళ్లు మారదు!

జియాన్ జిహావ్ అనే పేరు మీలో చాలామంది విని ఉండరు. ఆటల లోకంలో అతణ్ని ‘ఉజీ’ అంటారు. ‘లీగ్ ఆఫ్ లెజెండ్స్’ అనే కంప్యూటర్ గేమ్‌లో ప్రపంచమంతా పేరు మోగిన చైనా కుర్రాడు. 2018 జకార్తా ఆసియా క్రీడల్లో ఈ గేమ్‌ను ప్రదర్శన పోటీగా పెట్టినప్పుడు స్వర్ణం గెలిచిన చైనా జట్టులో అతనూ ఉన్నాడు. రెండేళ్లు తిరగకుండానే, 2020 జూన్‌లో, ఇక ఆడలేనని ప్రకటించాడు. అప్పటికి అతని వయసు 23. కారణాలు రెండు. ఒకటి చేతి గాయాలు. రెండోది టైప్-2 మధుమేహం. ఏళ్ల తరబడి ఒత్తిడి, వేళాపాళా లేని తిండి, రాత్రి జాగారాలు, పెరిగిన బరువు... ఇవే తనను అక్కడిదాకా తెచ్చాయని అతనే చెప్పుకున్నాడు.

మన గోదావరి జిల్లాల్లో షుగర్ మాటకు ఎవరూ ఉలిక్కిపడరు. తాతకుంటుంది, నాన్నకుంటుంది, మేనత్తకుంటుంది. కానీ ఇరవైల్లోనే షుగర్ వస్తే లెక్క వేరు. జబ్బు ఎంత చిన్న వయసులో మొదలైతే కళ్లు, మూత్రపిండాలు, నరాలు, గుండె అన్నేళ్లు ఎక్కువ దాని దెబ్బ తింటాయి. అందుకే ఎక్కడో చైనాలో ఆడిన కుర్రాడి కథ మీకు చెబుతున్నాను.

ప్రభుత్వ ఆసుపత్రి ఓపీలో కూర్చునే నాలాంటి ఫిజీషియన్‌ను ఈమధ్య తల్లిదండ్రులు రెండు రకాలుగా అడుగుతున్నారు. ‘మావాడు గేమ్స్ ఆడి సంపాదిస్తానంటున్నాడండి, ఇదేమైనా పిచ్చా డాక్టరుగారూ?’ అనేవారు కొందరు. ‘అందులో లక్షలున్నాయటండి, ఆడనిద్దామా?’ అనేవారు కొందరు. ఇద్దరికీ నేను చెప్పేది ఒకటే. దీన్ని ఆటగా ఒప్పుకుందాం. ఒప్పుకున్నాక, ఆటకు ఉండాల్సిన కట్టుబాట్లన్నీ ఉండాలని పట్టుబడదాం.

ఆట కాదని కొట్టిపారేయలేం

2018 ఆసియా క్రీడల్లోనే ‘హార్త్‌స్టోన్’ అనే గేమ్‌లో మన దేశానికి చెందిన తీర్థ్ మెహతా కాంస్యం తెచ్చాడు. 2022 డిసెంబరులో కేంద్రం ఈ-స్పోర్ట్స్‌కు అధికారికంగా చోటిచ్చి, క్రీడల శాఖ కిందికి తెచ్చింది. 2023 హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో వీటికి అసలైన పతకాలే ఇచ్చారు. మన అమలాపురం కుర్రాడు సాత్విక్ సాయిరాజ్, చిరాగ్ శెట్టితో కలిసి బ్యాడ్మింటన్ డబుల్స్‌లో దేశానికి తొలి ఆసియా క్రీడల స్వర్ణం తెచ్చింది కూడా అక్కడే. 2025లో పార్లమెంటు చేసిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం డబ్బు కాసే ఆటల్ని నిషేధించింది, ఈ-స్పోర్ట్స్‌ను మాత్రం క్రీడగా గుర్తించింది. అదే ఏడాది రియాద్‌లో జరిగిన ఈ-స్పోర్ట్స్ ప్రపంచకప్‌లో చెస్‌నూ చేర్చారు. వరంగల్ గ్రాండ్‌మాస్టర్ అర్జున్ ఎరిగైసి కొరియాకు చెందిన జెన్.జి అనే ఈ-స్పోర్ట్స్ సంస్థ తరఫున ఆడి నాలుగో స్థానంలో నిలిచాడు.

కాబట్టి ‘అదీ ఒక ఆటేనా’ అని మీరంటే, మీవాడి దగ్గర జవాబు సిద్ధంగా ఉంటుంది. ఆ వాదనలో మీరు గెలవలేరు. గెలవాల్సిన వాదన వేరే ఉంది.

ఆరు జెర్సీలు, ఒకే మణికట్టు

ఉజీ 2012లో రాయల్ క్లబ్ అనే జట్టుతో మొదలుపెట్టాడు. 2013లోనూ, 2014లోనూ ప్రపంచ పోటీ ఫైనల్లో ఓడాడు. 2015లో ఓఎంజీ జట్టుకు మారాడు. అక్కడి నుంచి చ్యావ్ గు, 2016లో రాయల్ నెవర్ గివప్. అక్కడే నాలుగేళ్లు ఆడి రిటైరయ్యాడు. ఉండబట్టలేక మళ్లీ వచ్చి 2022లో బిలిబిలి గేమింగ్‌కు, 2023లో ఎడ్వర్డ్ గేమింగ్‌కు ఆడాడు. మొత్తం ఆరు జెర్సీలు. ప్రపంచ టైటిల్ మాత్రం ఒక్కటీ దక్కలేదు.

ఇన్ని జట్లు మారడం ఈ రంగంలో వింతేమీ కాదు. కాంట్రాక్టులు చిన్నవి. రెండు టోర్నీలు పోతే జట్టును విడగొడతారు, కొత్తవాళ్లను తెస్తారు. ఫామ్ తగ్గితే బెంచి, ఆ తర్వాత వేరే జట్టుకు బేరం. టోర్నీకి ముందు అందర్నీ ఒక ఇంట్లో పెట్టి పగలూ రాత్రీ సాధన చేయిస్తారు. దాన్ని బూట్‌క్యాంప్ అంటారు.

వైద్యుడిగా నన్ను కలవరపెట్టేది ఈ మార్పిడే. జట్టు మారగానే మేనేజరు మారతాడు, కోచ్ మారతాడు, వంటమనిషి కూడా మారతాడు. పాత జట్టులో మొదలైన మణికట్టు నొప్పి, అక్కడ పెరిగిన పది కిలోలు, అక్కడ పోయిన నిద్ర మాత్రం ఆటగాడితో పాటే కొత్త జట్టులోకి వస్తాయి. ఏడాదికోసం తీసుకున్నవాడికి పదేళ్ల తర్వాత షుగర్ వస్తుందేమోనని ఏ జట్టు ఆలోచిస్తుంది? కౌలు చేనుకు పశువుల ఎరువు తోలించేవాళ్లు ఎంతమంది ఉంటారో మన రైతుల్ని అడగండి, తెలుస్తుంది.

దీనికి భిన్నమైన ఉదాహరణ కూడా ఉంది. అదే ఆటలో కొరియాకు చెందిన ‘ఫేకర్’, అసలు పేరు లీ సాంగ్‌హ్యోక్, 2013 నుంచి ఒకే సంస్థకు ఆడుతున్నాడు. 2020లో ఆ సంస్థలో వాటాదారు కూడా అయ్యాడు. 2023లో చేతి నొప్పి వస్తే సుమారు నెల రోజులు పోటీలు పక్కన పెట్టాడు. అతను లేని ఆ రోజుల్లో జట్టు వరుసగా ఓడింది, అయినా ఆగారు. ఆ ఏడాది చివర్లోనే ప్రపంచ టైటిల్ గెలిచాడు. 2024లో, 2025లో కూడా గెలిచాడు. అందరికీ ఇలాగే జరుగుతుందని నేననను. విశ్రాంతి తీసుకుంటే కెరీర్ పోతుందన్న భయం మాత్రం నిజం కాదని ఇక్కడ కనిపిస్తోంది.

మన దేశంలో ఇంకో చిక్కు

క్రికెట్‌ను ఎవరూ రాత్రికి రాత్రి మూసేయలేరు. వీడియో గేమ్ అలా కాదు, దానికి ఓ యజమాని ఉంటాడు, దానిమీద ప్రభుత్వ నిర్ణయాలుంటాయి. పబ్‌జీ మొబైల్‌ను 2020 సెప్టెంబరులో నిషేధించారు. దాని బదులు 2021 జులైలో బీజీఎంఐ వచ్చింది. 2022 జులైలో దాన్నీ స్టోర్ల నుంచి తీసేశారు. 2023 మేలో మళ్లీ అనుమతించారు. అంటే దీన్నే నమ్ముకున్న ఆటగాడికి మూడేళ్లలో రెండుసార్లు పని పోయింది. చదువు మానేసి ఇందులోకి దిగొద్దని నేననేది ఇందుకే. ఇది ఆటమీద కోపం కాదు, లెక్క.

మన రెండు నాల్కల ధోరణి

ఒక మాట నిష్ఠూరంగా అనాలి. పిల్లవాడు రోజుకు పన్నెండు గంటలు కుర్చీలో కూర్చుని గేమ్ ఆడితే ఆరోగ్యం పాడైపోతోందని నా దగ్గరకు తెస్తారు. అదే పిల్లవాడు ఇంటర్ హాస్టల్లో పన్నెండు గంటలు కుర్చీలో కూర్చుని, ఐదు గంటలే పడుకుని, ఆటస్థలం మొహం చూడకుండా రెండేళ్లు గడిపితే ‘కష్టపడుతున్నాడండి’ అంటారు. ఒంటికి ర్యాంకు సంగతి తెలియదు. కదలకపోతే, నిద్రపోకపోతే అది రెండుచోట్లా ఒకేలా దెబ్బతింటుంది. మీరు చదువు విషయంలో పాటించని నియమాన్ని గేమ్ విషయంలో చెబితే పిల్లలు వినరు. వాళ్లు తెలివైనవాళ్లు.

గేమ్ ఆడితేనే షుగర్ వస్తుందని కూడా అనుకోకండి. వంశంలో ఉండటం, పొట్ట చుట్టూ కొవ్వు, కదలిక లేకపోవడం, నిద్ర తగ్గడం, వీటన్నిటి కలయిక అది. మన ఇళ్లలో మొదటిది ముందే ఉంది. మిగతా మూడూ మన చేతుల్లో ఉన్నాయి.

జబ్బు అని ఎప్పుడంటాం?

ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల జాబితాలో ‘గేమింగ్ డిజార్డర్’ను చేర్చింది. 2022 జనవరి నుంచి అది అమల్లో ఉంది. దానికి మూడు లక్షణాలు. ఆటపై అదుపు తప్పడం. తిండి, చదువు, స్నేహాలన్నిటికన్నా ఆటే ముఖ్యమైపోవడం. నష్టం జరుగుతోందని కనిపిస్తున్నా ఆపలేకపోవడం. ఇవి సాధారణంగా ఏడాదిపాటు ఉండి, జీవితం కుంటుపడితేనే జబ్బంటాం. ఎక్కువసేపు ఆడినంత మాత్రాన జబ్బు కాదు. ఓడినప్పుడు చిరాకుపడినా జబ్బు కాదు. కానీ పై మూడూ కనిపిస్తుంటే ఫోన్ లాక్కోవడంతో తీరదు, మానసిక వైద్యుల సాయం కావాలి. టెలీ మానస్ నంబరు 14416కు ఏ వేళలోనైనా ఉచితంగా ఫోన్ చేయొచ్చు, తెలుగులోనే మాట్లాడొచ్చు. బెంగళూరు నిమ్హాన్స్‌లో దీనికోసమే ‘షట్’ క్లినిక్ ఉంది.

మీరు చూడాల్సినవి

మెడ వెనక చర్మం నల్లగా, మందంగా మారిందేమో చూడండి. చాలామంది తల్లులు మురికి అనుకుని పీచుతో రుద్దుతుంటారు. అది మురికి కాదు. ఒంట్లో ఇన్సులిన్ సరిగా పనిచేయడం లేదనడానికి గుర్తు కావచ్చు. ఒక టేపు తీసుకోండి. నడుము చుట్టుకొలత ఎత్తులో సగం దాటితే జాగ్రత్త పడాలి. పరగడుపున షుగర్ 100 దాటితే హెచ్చరిక, 126 లేదా అంతకు మించితే మళ్లీ పరీక్షించి మధుమేహాన్ని నిర్ధారించుకోవాలి. ప్రభుత్వ ఆసుపత్రిలో ఈ పరీక్షకు పైసా ఖర్చు లేదు.

బొటనవేలిని గుప్పిట్లో పెట్టి, మణికట్టును చిటికెన వేలి వైపు వంచమనండి. బొటనవేలి మొదట్లో సలుపు పుడితే అక్కడి స్నాయువు తొడుగు వాచి ఉండొచ్చు. రాత్రిళ్లు బొటనవేలు, చూపుడువేలు, మధ్యవేలు తిమ్మిరెక్కుతుంటే మణికట్టు దగ్గర నరం నలుగుతోందేమో చూపించాలి. మొదట్లోనే వస్తే విశ్రాంతి, పట్టీ, వ్యాయామాలతో చాలావరకు తగ్గిపోతాయి. నొప్పిమాత్ర మింగి ఆడటం మాత్రం పనికిరాదు.

ఇంట్లో పెట్టుకోవాల్సిన కట్టుబాట్లు

13 నుంచి 18 ఏళ్ల వాళ్లకు రాత్రి 8 నుంచి 10 గంటల నిద్ర కావాలి. దీనిపై బేరం వద్దు. బీజీఎంఐలో 18 ఏళ్లలోపు వారికి రోజుకు 3 గంటల పరిమితి పెట్టారు. మీ ఫోన్ నంబరుతో, మీ వయసుతో ఖాతా తెరిపిస్తే ఆ పరిమితిని మీరే తీసేసినట్టు. ప్రతి 20 నిమిషాలకు 20 సెకన్లపాటు 20 అడుగుల దూరంలోకి చూడాలి. గంటకోసారి లేవాలి. రాత్రి ఒంటిగంటకు బిర్యానీ పార్సిల్, పక్కన కూల్‌డ్రింకు, ఎనర్జీ డ్రింకు... ఇవి ఆటలో భాగం కావు. సాయంత్రం గంటసేపు ఒళ్లు చెమటపట్టాలి. గోదావరి గట్టుమీద నడిచినా, కాలువ గట్టున సైకిల్ తొక్కినా చాలు.

నిజంగా జట్టులో చోటొచ్చి కాంట్రాక్టు కాగితం ఇంటికి వస్తే, జీతం అంకె దగ్గరే ఆగిపోకండి. రోజుకు ఎన్ని గంటల సాధన? వారానికి సెలవెంత? గాయమైతే వైద్యం ఖర్చు ఎవరిది? బెంచి మీద కూర్చోబెడితే జీతం ఇస్తారా? జట్టు మారాలంటే ఎంత కట్టాలి? బూట్‌క్యాంప్‌లో వండి పెట్టేదెవరు? ఈ ఆరు ప్రశ్నలకు రాతపూర్వకంగా జవాబు లేకపోతే సంతకం పెట్టొద్దు. ఆ కాగితాన్ని లాయరుకు చూపించండి. పిల్లవాణ్ని మాత్రం ఓసారి డాక్టరుకు చూపించండి. చేరేముందు రక్తపోటు, షుగర్, బరువు, కంటిచూపు రాయించి పెట్టుకోండి. జట్టు మారినప్పుడల్లా మళ్లీ చూపించి, పాత కాగితంతో పోల్చండి.

ఏ జట్టూ ఆ ఫైలు దాచిపెట్టదు. అది మీ బీరువాలోనే ఉండాలి.