ముందు ప్రజాస్వామ్యం, తర్వాత స్త్రీలా?

“ముందు దేశం కుదుటపడనీండి, మీ సంగతి తర్వాత చూద్దాం.” దక్షిణాసియాలో ఈ మాటని ఎన్ని భాషల్లో, ఎన్ని తరాల స్త్రీలు విన్నారో రాసుకుంటూ పోతే అదే ఒక చరిత్ర పుస్తకం అవుతుంది. ఉద్యమం నడుస్తున్నప్పుడు “ముందు గెలవనీండి” అన్నారు. గెలిచాక “ముందు స్థిరపడనీండి” అన్నారు. స్థిరపడ్డాక మనం అడిగితే “ఇప్పుడెందుకు కదిలిస్తారు?” అన్నారు. మూడు దశల్లోనూ అనేవాళ్ళు వాళ్ళే, వినేవాళ్ళం మనమే.

2022 జులైలో శ్రీలంక అధ్యక్షుడు గొటబయ రాజపక్స దేశం వదిలి పారిపోయాడు. 2024 ఆగస్టు 5న బంగ్లాదేశ్ ప్రధాని షేక్ హసీనా ఇండియాకి వచ్చేసింది. 2025 సెప్టెంబర్ 9న నేపాల్ ప్రధాని కె.పి. శర్మ ఓలీ రాజీనామా చేశాడు. మూడేళ్ళ పైచిలుకు కాలంలో మూడు ప్రభుత్వాలు వీధి దెబ్బకి కూలాయి. మన దగ్గర జరిగిన చర్చల్లో మాత్రం వినిపించింది ఒకటే మాట: అస్థిరత. పొరుగిల్లు అంటుకుందే అన్న కంగారు, మనిల్లు పదిలంగా ఉందిలే అన్న తృప్తి.

ఈ “స్థిరత్వం” అనే మాటనే నేను నిలదీయదలుచుకున్నాను. హసీనా 2009 నుంచి 2024 దాకా స్థిరంగానే పాలించింది. 2014 ఎన్నికల్లో సగానికి పైగా స్థానాల్లో పోటీయే లేదు. నేపాల్లో 2015 అక్టోబర్ నుంచి 2025 సెప్టెంబర్ దాకా ప్రధాని కుర్చీ ఓలీ, ప్రచండ, దేవ్‌బా అనే ముగ్గురు మగవాళ్ళ మధ్యే తిరిగింది. ఇంతకంటే స్థిరమైన ఏర్పాటు ఎక్కడుంటుంది? కూలింది ఇలాంటి స్థిరత్వమే. కొద్దిమంది కూర్చుని తమలో తాము పంచుకున్న ఏర్పాటు అది. ఆ పంపకంలో లేనివాళ్ళకి అడగడానికి వీధి తప్ప వేరే చోటు మిగల్లేదు. కాబట్టి స్త్రీలని పక్కన పెట్టడం స్థిరత్వం కోసం చేసే తాత్కాలిక త్యాగమేమీ కాదు. ఆ అస్థిరత పుట్టేచోట్లలో అదీ ఒకటి.

బంగ్లాదేశ్‌నే తీసుకుందాం. 2024 జులైలో విద్యార్థులు లేచింది ఉద్యోగాల్లో కోటా గురించి. 1971 విముక్తి యోధుల వారసులకి 30 శాతం ఉండేది. కోటా వద్దంటున్నవాళ్ళని 1971లో పాకిస్తాన్ సైన్యానికి తోడ్పడిన రజాకార్ల మనవలతో ముడిపెడుతూ జులై 14న హసీనా మాట్లాడింది. ఆ రాత్రే ఢాకా విశ్వవిద్యాలయంలో ఆడపిల్లలు హాస్టళ్ళ గేట్లు దాటుకుని రోడ్డు మీదికి వచ్చారు. వాటిలో ఒకటి రొకేయా హాల్. 1905లో మద్రాసు నుంచి వెలువడే ఒక స్త్రీల పత్రికలో, మగవాళ్ళు పరదా లోపలుండి ఆడవాళ్ళు రాజ్యమేలే దేశాన్ని ఊహించి కథ రాసిన బేగం రొకేయా పేరే దానికి పెట్టారు. మర్నాడు అధికార పార్టీ విద్యార్థి సంఘం దాడిలో ఆడపిల్లల తలలు పగిలాయి. ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కార్యాలయం అంచనా ప్రకారం ఆ కొద్ది వారాల్లో చనిపోయినవాళ్ళు 1,400 దాకా ఉండొచ్చు.

ఇక ఫలితం చూడండి. జులై 21న సుప్రీంకోర్టు కోటాని తిరగరాసింది: 93 శాతం ప్రతిభకి, 5 శాతం విముక్తి యోధుల కుటుంబాలకి, మిగతా 2 శాతం ఆదివాసీ తెగలకి, వికలాంగులకి, థర్డ్ జెండర్‌కి. పాత విధానంలో స్త్రీలకున్న 10 శాతం మాయమైంది. ఆడపిల్లల్లోనే కొందరు “మాకు కోటా అక్కర్లేదు” అన్న మాట నిజమే. అది వాళ్ళ ఆత్మగౌరవం. కానీ ఆ ఆత్మగౌరవాన్ని ఆసరా చేసుకుని ఒక తరం స్త్రీల హక్కుని చర్చ లేకుండా చెరిపెయ్యడం న్యాయం ఎలా అవుతుంది?

ఆ 30 శాతం కోటాలోనూ ఒక పాత ద్రోహం దాగి ఉంది. 1971 యుద్ధంలో అత్యాచారాలకు గురైన స్త్రీలకి కొత్త రాజ్యం “వీరాంగన” అని బిరుదిచ్చింది. బిరుదు ఇచ్చింది గానీ యోధులుగా లెక్కలో వెయ్యలేదు. వీరాంగనలని విముక్తి యోధులుగా గెజెట్లో చేర్చడం మొదలుపెట్టింది 2015లో. అంటే నాలుగు దశాబ్దాల పైగా తుపాకీ పట్టినవాడి బిడ్డ యోధుడి వారసుడు, శరీరమే యుద్ధభూమి అయిన స్త్రీ బిడ్డ ఎవరూ కాదు. యుద్ధంలో ఎవరు ఏం చేశారన్నది రాసుకునేటప్పుడు స్త్రీలు అక్కడ లేకపోతే జరిగేది ఇదే.

హసీనా వెళ్ళాక ముహమ్మద్ యూనస్ తాత్కాలిక ప్రభుత్వం రకరకాల సంస్కరణల కమిషన్లు వేసింది. స్త్రీల వ్యవహారాల కమిషన్‌కి షిరీన్ హక్ అధ్యక్షురాలు. 2025 ఏప్రిల్‌లో ఆ కమిషన్ నివేదిక ఇచ్చింది. పార్లమెంటులో స్త్రీలకి నేరుగా పోటీ చేసే 300 రిజర్వుడు స్థానాలు, ఆస్తిలో సమాన హక్కు, వైవాహిక అత్యాచారాన్ని నేరంగా గుర్తించడం, సెక్స్ వర్కర్లకి శ్రామికులుగా గుర్తింపు - ఏళ్ళ తరబడి స్త్రీల సంఘాలు అడుగుతున్నవే ఇవన్నీ. మే 3న హెఫాజతే ఇస్లాం ఢాకాలో భారీ సభ పెట్టి ఆ కమిషన్‌నే రద్దు చెయ్యమంది. దానికి జవాబుగా మే 16న స్త్రీలు వేలాదిగా ఊరేగింపు తీశారు. మతవాదులు వ్యతిరేకిస్తారని మనకి తెలుసు. నన్ను ఎక్కువగా కలచివేసింది ప్రజాస్వామ్యవాదుల మౌనం. పార్టీలని కూర్చోబెట్టి ఏకాభిప్రాయం తేవడానికి ఫిబ్రవరిలో వేసిన జాతీయ కమిషన్‌లో ఒక్క స్త్రీ లేదు. స్త్రీల కమిషన్ సిఫారసులు ఆ బల్ల మీదికే రాలేదు. అక్టోబర్ 17న సంతకాలైన జులై చార్టర్ పార్టీలకి చెప్పిందేమిటి? నేరుగా పోటీ చేసే స్థానాల్లో కనీసం 5 శాతం టికెట్లు స్త్రీలకివ్వమని! సుమారు 40 లక్షల మంది పనిచేసే దుస్తుల పరిశ్రమలో ఎక్కువమంది స్త్రీలే అయిన దేశం అది. ఎగుమతుల భారం మోసే వాళ్ళకి ప్రజాస్వామ్యంలో వాటా నూటికి అయిదు.

ఇప్పుడు నేపాల్. 1996 నుంచి 2006 దాకా సాగిన మావోయిస్టు యుద్ధంలో స్త్రీలు పెద్ద సంఖ్యలో ఆయుధాలు పట్టారు. 2007లో ఐక్యరాజ్యసమితి పరిశీలనలో తేలిన 19,602 మంది యోధుల్లో 3,846 మంది స్త్రీలు. చివరికి నేపాల్ సైన్యంలోకి తీసుకున్నది సుమారు 1,400 మందిని. వాళ్ళలో స్త్రీలు దాదాపు వంద. మిగతావాళ్ళు ఏమయ్యారు? నడుముకి బిడ్డ, చేతిలో కొంత డబ్బు, ఇంటికి దారి. వయసు చాలదనో, ఆలస్యంగా చేరారనో 2010లో నాలుగు వేల మందిని శిబిరాల నుంచి పంపించారు. వాళ్ళకి పడ్డ ముద్ర “అయోగ్య”. ఆ మాటకి మనకి అనువాదం కూడా అక్కర్లేదు.

ఈ కథ తెలుగు స్త్రీలకి కొత్తా? 1951లో తెలంగాణ సాయుధ పోరాటాన్ని విరమించాక స్త్రీలని ఏ ఇళ్ళ నుంచి వచ్చారో ఆ ఇళ్ళకే పొమ్మన్నారు. స్త్రీశక్తి సంఘటన 1986లో “మనకు తెలియని మన చరిత్ర” తెచ్చేదాకా ఆ అడవులూ, ఆ రహస్య జీవితాలూ, విరమణ తర్వాత వాళ్ళని చుట్టుముట్టిన శూన్యమూ మన సాహిత్య చరిత్రలో గానీ రాజకీయ చరిత్రలో గానీ లేవు. నేపాల్ స్త్రీల కథనాలు చదువుతున్నప్పుడు నాకు పదేపదే ఆ గొంతులే వినపడతాయి. భాష వేరు, కొండలు వేరు, పంపించే పద్ధతి ఒక్కటే.

నేపాల్ రాజ్యాంగం సంగతి ఇంకా స్పష్టం. 2008 రాజ్యాంగ సభలో 601 మందిలో 197 మంది స్త్రీలు. దక్షిణాసియా అంతా ఆశ్చర్యంగా చూసిన సంఖ్య. ఆ సభ రాజ్యాంగం ఇవ్వకుండానే 2012లో ముగిసింది. 2013లో వచ్చిన రెండో సభలో స్త్రీలు తగ్గారు. 2015 జూన్‌లో నాలుగు పార్టీల నాయకులు కూర్చుని 16 అంశాల మీద ఒప్పందం చేసుకున్నారు. సెప్టెంబర్ 20న రాజ్యాంగం వచ్చేసింది. అప్పటికే తరాయి మైదానంలో మధేశీల ఆందోళనల్లో 40 మందికి పైగా చనిపోయారు. ఆ రాజ్యాంగం ప్రకారం నేపాలీ పురుషుడు విదేశీ స్త్రీని పెళ్ళి చేసుకుంటే పిల్లలు వంశపారంపర్య పౌరులు. నేపాలీ స్త్రీ విదేశీయుణ్ణి పెళ్ళి చేసుకుంటే పిల్లలకి దొరికేది “అంగీకృత” పౌరసత్వం. వాళ్ళు రాష్ట్రపతి, ప్రధాని లాంటి పదవులకి అనర్హులు. తండ్రి జాడ తెలియకపోతేనే తల్లి పేరు చెల్లుతుంది.

ఈ విషయం మీద ఒక సదస్సులో నేను పత్రం చదివినప్పుడు ఒక పెద్దాయన లేచి, “అమ్మా, అక్కడ ప్రభుత్వాలే నిలబడటం లేదు. నువ్వు పౌరసత్వ కాగితం మీద తల్లి పేరు గురించి మాట్లాడతావేంటి?” అన్నారు. సభలో కొందరు నవ్వారు. సార్, ఆ తల్లి పేరే రాజ్యాంగం. ఎవరు దేశస్థులో తేల్చేది అదే. ఇండియా సరిహద్దు దాటి పెళ్ళిళ్ళు జరిగే తరాయిలో స్త్రీ గర్భం ద్వారా “పరాయి రక్తం” దేశంలోకి వస్తుందన్న భయమే ఆ నిబంధన. మధేశీల మీద అనుమానం, స్త్రీల మీద అదుపు అక్కడ ఒకే వాక్యంలో కలిశాయి. సరిహద్దుని పటంలో గీసి ఊరుకోలేదు, ఆడవాళ్ళ పెళ్ళిళ్ళ మీద కూడా గీశారు. అలాంటి రాజ్యాంగం మీద నిలబడ్డ రాజ్యం జనాన్ని కలుపుతుందని ఎలా ఆశిస్తారు?

అదే నేపాల్లో 2017 స్థానిక ఎన్నికలు చూడండి. ప్రతి వార్డులో ఒక దళిత స్త్రీ ఉండాలని చట్టం చెప్పింది కాబట్టి ఆరు వేల మందికి పైగా దళిత స్త్రీలు ఎన్నికయ్యారు. అంటే “అర్హులైన స్త్రీలు దొరకడం లేదు” అన్నది అబద్ధం. చట్టం తప్పించుకోలేనంత గట్టిగా ఉంటే దొరుకుతారు. సందు దొరికితే మాత్రం పార్టీలు మేయర్ పదవికి మగవాణ్ణీ, ఉపమేయర్‌కి స్త్రీనీ నిలబెట్టి చేతులు దులుపుకున్నాయి.

శ్రీలంకలో 2022 “అరగలయ”ని కొలంబో సముద్రతీరంలో విరిసిన వసంతంగా చాలామంది రాశారు. వంటగ్యాస్ కోసం, పాలపొడి కోసం వరసల్లో నిలబడి ఆ కోపాన్ని మోసుకొచ్చినవాళ్ళలో స్త్రీలెందరో! కానీ అంతకు అయిదేళ్ళ ముందే, 2017 ఫిబ్రవరిలో, ఉత్తరాన కిళినొచ్చిలో తమిళ తల్లులు రోడ్డు పక్కన కూర్చున్నారు. 2009లో యుద్ధం ముగిసినప్పుడు సైన్యానికి అప్పగించిన మా పిల్లలేరీ అని అడుగుతూ. ఆ తల్లుల్లో కొందరు జవాబు వినకుండానే చనిపోయారు. అదే రాజపక్సలు, అదే సైన్యం. దక్షిణాన ఆకలి తలుపు తట్టేదాకా ఉత్తరాన ఏడుపు దేశ సమస్య కాలేదు. 2022 మే 18న నిరసన శిబిరంలో ముళ్ళివాయ్‌క్కాల్ మృతుల జ్ఞాపకంగా గంజి పంచారు. అది చిన్న మొదలు. రెండు నెలలకే పాత పార్లమెంటు రణిల్ విక్రమసింఘేని అధ్యక్షుణ్ణి చేసింది, సైన్యం తెల్లవారుజామున శిబిరాన్ని పీకేసింది. 2024లో కొత్త ప్రభుత్వం వచ్చింది, హరిణి అమరసూరియ ప్రధాని అయింది, తేయాకు తోటల తమిళ స్త్రీలు మొదటిసారి పార్లమెంటుకి ఎన్నికయ్యారు. సంతోషమే. అయినా 1960లోనే ప్రపంచంలో మొదటి మహిళా ప్రధానిని చూసిన ఆ దేశంలో 225 మంది సభ్యుల్లో స్త్రీలు పదిశాతానికి లోపే.

ఇక్కడ తప్పకుండా ఒక ప్రశ్న వస్తుంది: “సిరిమావో, బేనజీర్, ఖాలిదా, హసీనా - మీ ఆడవాళ్ళేగా ఏలారు? ఏం ఒరిగింది?” వాళ్ళు తండ్రి, భర్తల రాజకీయ వారసత్వం మీద నడిచి వచ్చినవాళ్ళు. ఆ ఇంటి గుమ్మం దాటి ఇంకో స్త్రీ రావడానికి వాళ్ళ పార్టీల్లో దారి లేదు. ఒక స్త్రీ కుర్చీ ఎక్కడం వేరు, స్త్రీలు కుర్చీల లెక్కని మార్చడం వేరు. హసీనా జైళ్ళలో మగ్గినవాళ్ళకి ఆమె స్త్రీ కావడం ఏ ఊరటా ఇవ్వలేదు. ఆ మాట చెప్పడానికి స్త్రీవాదులకి మొహమాటం అక్కర్లేదు. నేపాల్లో తొలి మహిళా ప్రధాన న్యాయమూర్తి సుశీలా కార్కీని 2017లో అభిశంసన తీర్మానంతో వేధించిన పార్టీల వ్యవస్థే, 2025 సెప్టెంబర్‌లో డెబ్బై మందికి పైగా చనిపోయి పార్లమెంటు భవనం కాలిపోయాక ఆమెని పిలిచి తాత్కాలిక ప్రధాని పదవి అప్పగించాల్సి వచ్చింది. ఇల్లు తగలబడ్డాక బూడిద ఎత్తడానికి స్త్రీ కావాలి. ఇల్లు కట్టేటప్పుడు మాత్రం ఆమె సలహా తొందరపాటు.

మనింటి సంగతి చెప్పకుండా పొరుగింటిని తిట్టడం నాకిష్టం లేదు. 2024లో మన లోక్‌సభకి ఎన్నికైన 543 మందిలో స్త్రీలు 74 మంది. 2023 సెప్టెంబర్‌లో మహిళా రిజర్వేషన్ చట్టం చేస్తూ దాన్ని జనగణనకీ నియోజకవర్గాల పునర్విభజనకీ ముడివేశారు. వెనకబడిన కులాల స్త్రీల ఉపకోటా ప్రశ్నని వదిలేశారు. “తర్వాత చూద్దాం” అన్న మాట మన దగ్గర ఏకంగా చట్టంలోకే ఎక్కింది.

రాసేవాళ్ళం, పాఠం చెప్పేవాళ్ళం మనం. ఈ తిరుగుబాట్ల గురించి యువకుల కథగా, సోషల్ మీడియా కథగా, విదేశీ కుట్ర కథగా ఇప్పటికే బోలెడంత రాశారు. ఢాకా స్త్రీల కమిషన్ నివేదికలోని సిఫారసులు తెలుగులోకి రావాలి. నేపాల్‌లో “అయోగ్య” ముద్ర పడ్డ స్త్రీల మాటలు తెలంగాణ స్త్రీల మాటల పక్కన మన తరగతి గదుల్లో ఉండాలి. కిళినొచ్చి తల్లుల పేర్లు మన కథల్లోకి రావాలి. పదేళ్ళ తర్వాత ఎవరో పరిశోధకురాలు తవ్వి తీసేదాకా ఆగకుండా, ఒప్పందాలు రాస్తున్నప్పుడే ఆ పని జరగాలి. ఎందుకంటే “ముందు”, “తర్వాత” అని వరస నిర్ణయించినవాళ్ళే పంపకమూ నిర్ణయించారు. ఆ వరసని మనం ఒప్పుకోం. స్త్రీలు, దళితులు, మధేశీలు, తమిళులు కూర్చుని రాయని రాజ్యాంగాన్ని ప్రజాస్వామ్యం అని పిలవడానికి మనం తొందరపడొద్దు.